గది కాదు, గడి

ఆ పుస్తకం సంగతి ఎప్పుడు ఎవరు చెప్పినా రెండే రకాలుగా చెబుతారు. ఉద్యమంలో తిరిగినవాళ్లు చెప్పేది ఒకటి: దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక ఆంధ్రా పంతులు తెలంగాణ మాటను పనిగట్టుకుని పుస్తకంలోంచి చెరిపేశాడనీ, ఎల్బీనగర్ చౌరస్తాలో పట్టుకుని ముక్కు నేలకు రాయించారనీ. అవతలివాళ్లు చెప్పేది ఇంకొకటి: ఉద్యమకారులు ఆటో ఆపి, పాపం ఒక పెద్దాయన్ని నిలబెట్టి, పుస్తకాలన్నీ పొయ్యిలో పెట్టారని. రెండూ అబద్ధాలే. ఆ ఆటోలో నేనున్నాను. పుస్తకాల కట్టల మీదే కూర్చున్నాను. పొయ్యిలోకి ఒక్క కాగితం పోలేదు, నేలకు ఎవరి ముక్కూ తగల్లేదు. ఆ పంతులు, అంటే మా మాస్టారు, ఆ రోజు పప్పు మారు వడ్డించుకుని మరీ తిన్నారు.

నేను ఉద్యోగం మానేసి ఇంట్లో కూర్చున్నాక, మా ఎడిటింగ్ పనిలోకి కొత్తగా వచ్చిన ఆడపిల్లలిద్దరు నన్ను చూడ్డానికి వచ్చి, ఈ కథ నాకే చెప్పారు. అదీ తప్పుగా. నా కథ నాకే తప్పుగా చెబితే ఊరుకునే మనిషిని కాను. అందుకని రాస్తున్నాను.

మాది పోటీ పరీక్షల గైడ్లు వేసే సంస్థ. దిల్‌సుఖ్‌నగర్ మెయిన్ రోడ్డు వెనక సందులో, టిఫిన్ సెంటర్ మీద, రెండో అంతస్తు. కింద దోసె వేస్తే పైన ప్రూఫుకు వాసన పట్టేది. నేను అక్కడ ఎడిటర్‌ని. మావాళ్లది పోచంపల్లి పక్కన మగ్గాల ఊరు. మా నాన్న ఇటు వచ్చి చీరల దుకాణం పెట్టుకున్నాడు. నేను చరిత్రలో ఎమ్మే చేశాను. ప్రపంచ యుద్ధాలు, విప్లవాలు, సామ్రాజ్యాలు అన్నీ చదివి, చివరికి ‘కింది వాటిలో సరైనది గుర్తించుము’ అని రాసుకుంటూ బతికాను. అందుకే ఎవరైనా నిజమైన చరిత్ర పుస్తకం పట్టుకుని మెట్లెక్కితే నాకు ప్రాణం లేచొచ్చేది.

అట్లా ఎక్కినాయనే సారు. సర్కారు కాలేజీలో చరిత్ర చెప్పి రిటైరయ్యారు. మన్సూరాబాద్‌లో ఉండేవారు. ఆయన రాసిన చరిత్ర గైడు మా దగ్గర బాగా పోయేది గానీ, ఆయన మనసు దాని మీద లేదు. ఏళ్ల తరబడి ఆయన రాసుకుంటూ వచ్చింది వేరే. నియంతలు తమకోసం ఎట్లాంటి భవనాలు కట్టించుకున్నారు, ఆ భవనాలు మనిషిని ఏం చేస్తాయి అని. పేరు ‘కట్టడాలు – కట్టడి’. ఎక్కని ప్రచురణకర్త గుమ్మం లేదు. ‘ఎవరు చదువుతారండీ’ అని కొందరు, ‘నియంత జీవితమైతే వేస్తాం, గోడలెందుకు’ అని కొందరు తిప్పి పంపారు.

మీరూ అట్లా అనుకోకండి. గోడల సంగతి వినండి. జర్మనీ నియంత తన ఆఫీసుకు ముందు ఒక పొడుగాటి రాతి వసారా కట్టించుకున్నాడు. నేల అద్దంలా మెరుస్తుంది. దాని మీద తివాచీ వేయనివ్వలేదు. వచ్చినవాడు ఎంత పెద్ద దేశపు రాయబారైనా సరే, జారిపడతానేమోనని తన కాళ్లు తను చూసుకుంటూ నడవాలి. తలుపు దగ్గరికి వచ్చేసరికి సగం మనిషి మిగులుతాడు. ఇటలీ నియంత ఒక మహా హాలులో అవతలి మూలన బల్ల వేసుకుని కూర్చునేవాడు. వచ్చినవాడు అంత దూరమూ తన చెప్పుల చప్పుడు తనే వింటూ నడిచి రావాలి. ఇట్లా అయిదు అధ్యాయాలు. ఆరో అధ్యాయంలో సారు సముద్రాలు దాటి నేరుగా తన ఊరికి, నల్లగొండ దిక్కు ఒక పల్లెకు, వచ్చేస్తారు. అక్కడ దొరగారి గడి ఉంది. కోట లాంటి ఇల్లు. దానికి ఏనుగు పట్టేంత దర్వాజ. ఊళ్లో ఎవరికీ ఏనుగు లేదు, దొరకూ లేదు. ఆ పెద్ద తలుపులోనే ఒక చిన్న తలుపు, దిడ్డి. మామూలు మనిషి లోపలికి పోవాలంటే దిడ్డిలోంచి నడుం వంచి దూరాలి. దండం పెట్టమని ఎవరూ చెప్పనక్కర్లేదు, తలుపే పెట్టిస్తుంది. అక్కడ రాయి, ఇక్కడ గచ్చు. మేస్త్రీలు వేరు, పని ఒకటే. ఇదీ సారు వాదన.

నా పోరు పడలేక మా ఓనరు ఒప్పుకున్నారు. కృష్ణా జిల్లా నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడిన మనిషి, చెడ్డవాడు కాదు, భయస్తుడు. ‘‘ఒక్కసారేనమ్మా. గైడు రాసిచ్చినందుకు ఆయనకో గౌరవం అనుకుందాం. మళ్లీ మళ్లీ వేయమంటే నావల్ల కాదు’’ అన్నారు. అంటే ఈ పుస్తకానికి ఉన్నది ఒకే ఒక అచ్చు. అది బాగా గుర్తుపెట్టుకోండి.

ఇక మాస్టారు. మా ప్రూఫ్ రీడర్. గోదావరి జిల్లాలో తెలుగు పంతులుగా చేసి, ముప్పై ఏళ్ల కింద ఇటు వచ్చారు. మేం అందర్నీ సార్ అంటాం. ఆయన మాత్రం ‘మాస్టారూ’ అంటేనే పలికేవారు. నాకూ ఆయనకూ రోజూ యుద్ధమే. నేను యాది అని రాస్తే గుండ్రం చుట్టి ‘జ్ఞాపకం’ అని పెట్టేవారు.

‘‘మాస్టారూ, యాదికేమైంది? మంచిగనే ఉంది గదా?’’

‘‘మంచిగానే ఉందమ్మా. ఇంట్లో ఉంచుకో. అచ్చులోకి ఎందుకూ?’’

‘‘మీ ఇంట్ల మాటలేమో అచ్చుల ఉండాలె, మా ఇంట్ల మాటలేమో ఇంట్లనే ఉండాలె. ఇదెక్కడి న్యాయం?’’

‘‘న్యాయం కాదు, వ్యాకరణం’’ అనేవారు, చెవి మీంచి ఎర్ర పెన్ను తీస్తూ. కింద రోడ్డు మీద జై తెలంగాణ నినాదాలు వినిపిస్తుంటే పైన మేమిద్దరం ఇదే గొడవని అక్షరాల్లో పడేవాళ్లం. మధ్యాహ్నానికి డబ్బాలు విప్పి, ఆయన గోంగూర నేనూ, నా సర్వపిండి ఆయనా తినేవాళ్లం. ఇది స్నేహం కాదని ఎవరైనా అంటే వాళ్లకు స్నేహం తెలియదు.

జరిగిందేమిటంటే, తుది ప్రూఫు నేను చూసి ఇచ్చేశాను. ఆ తర్వాత వరసగా బంద్‌లు, బస్సుల్లేవు. నేను ఆఫీసుకు పోలేని ఆ రోజుల్లోనే, ఆఫీసు పక్క సందులో ఉండే మాస్టారు ‘ఒక్కసారి’ అంటూ మళ్లీ చూశారు. ఆయన జీవితంలో ఒక్కసారి అన్నది ఎప్పుడూ ఆఖరుసారి కాదు. అయిదు అధ్యాయాల నిండా ‘నియంత గది’, ‘ఆ గదిలో’, ‘గది తలుపు’ అని చదువుతూ వచ్చిన మనిషికి ఆరో దాంట్లో ‘దొర గడి’ అని కనబడింది. ద పడాల్సిన చోట డ పడిందనుకున్నారు. ఆయన ఎరిగిన గడి పత్రికల్లో గళ్లనుడికట్టులో ఉండేది. ‘గడి’ కొట్టేసి ‘గది’ అని రాసి, పక్కన ‘అన్నిచోట్లా’ అని రాశారు. కంప్యూటర్ మీద కూర్చునే అమ్మాయి చెప్పినమాట వినే పిల్ల. వెతుకు, మార్చు, అన్నిచోట్లా. ఒక్క నొక్కు.

ఎడిటింగ్ పనిలోకి వచ్చే పిల్లలకు నేను చెప్పేది ఇదొక్కటే. ఆ మీట నొక్కేముందు లేచి, మంచినీళ్లు తాగి, మళ్లీ కూర్చుని, నొక్కకండి.

ప్రెస్సు నుంచి మొదటి ప్రతి వచ్చిన రోజు సారు స్వయంగా వచ్చారు. స్వీటు డబ్బా తెచ్చారు. పుస్తకం వాసన చూశారు. నేరుగా ఆరో అధ్యాయం తీశారు. చదువుతూ చదువుతూ కళ్లజోడు తీసి తుడుచుకుని మళ్లీ పెట్టుకున్నారు.

‘‘బిడ్డా, మా దొర ఎన్నడన్న దిల్‌సుఖ్‌నగర్‌ల కిరాయికున్నడా?’’

‘‘ఏంది సార్?’’

‘‘మరి గదిల ఉన్నడని రాసిన్రు. ‘మా ఊరి గది ముందు చెప్పులు విడిచి నిలబడేవాళ్లం.’ సింగిల్ రూమా, అటాచ్డ్ బాత్రూమా?’’

నేను లాక్కుని చూశాను. గది. గదికి. గదిలోకి. పేజీ తిప్పితే ఇంకా ఘోరం. ‘గదిచిన శతాబ్దంలో’. ‘చౌరస్తాలో గదియారం’. ‘అంగదిలో జనం గదిబిడి పడ్డారు’. ‘నియంతను పొగదిన కవులు’. ఎక్కడెక్కడ గడి అన్న రెండక్షరాలు పక్కపక్కన ఉన్నాయో అక్కడల్లా కంప్యూటర్ దాన్ని గది చేసి పారేసింది. విచిత్రమేమిటంటే గడులు అన్న బహువచనం మాత్రం తప్పించుకుంది.

‘‘ఒక్కటైతే గది, పది గల్సినయంటే గడులు’’ అన్నారు సారు. ‘‘ఇదేదో కొత్త సిద్ధాంతం. నాకెందుకు తట్టలే?’’

ఆయన నవ్వారు గానీ, డబ్బా మూత తియ్యలేదు. 

అందుకే కుట్ర అన్నవాళ్లను నేను ఒక్కటే అడుగుతాను. కుట్ర చేసినవాడు గడియారాన్ని గదియారం ఎందుకు చేస్తాడండీ? అంగడి మీద ఆయనకేం పగ?

మాస్టారు మాత్రం ముందు ఒప్పుకోలేదు. ‘‘గడి అంటే కోటా? ఎక్కడుంది ఆ మాట?’’

‘‘కింద రోడ్డు మీద ఉంది మాస్టారూ. కిటికీ తెర్వుండ్రి, పాటల్ల వినబడ్తది.’’

ఆయన నిజంగానే కిటికీ దాకా నడిచి వెళ్లి నిలబడ్డారు. ఆ పూట రోడ్డు మీద టిఫిన్ సెంటర్ గిన్నెల చప్పుడు తప్ప ఇంకేమీ లేదు. తిరిగొచ్చి కూర్చుని, ‘‘మరి పొగదిన కవులు నా పని కాదమ్మా’’ అని మెల్లిగా అన్నారు.

మా ఓనరుకు చెమటలు పట్టాయి. ‘‘అమ్మా, నువ్వే చెప్పు. ఆంధ్రావాడి సంస్థ, తెలంగాణ ఆయన పుస్తకం, అందులో గడి మాట కొట్టేసి ఉంది. ఇది ఈ రోజుల్లో బయటికెళ్తే మన షాపు అద్దాలు మిగులుతాయా? రేపటి ఆవిష్కరణ సభ రద్దు. పుస్తకాలు ప్రెస్సు నుంచే పాత కాగితాల తూకానికి వెళ్లిపోవాలి. రేపే.’’

‘‘తప్పొప్పుల పట్టిక పెడదాం సార్’’ అన్నాను ఓనరుతో.

‘‘పట్టికే పుస్తకమంత అవుతుంది’’ అన్నారు మాస్టారు. నిజాయితీ ఆయనకు ఎప్పుడూ తప్పు సమయంలోనే గుర్తొచ్చేది.

‘‘మళ్లీ అచ్చేద్దాం.’’

‘‘ఒక్కసారే అన్నానా లేదా?’’ అన్నారు ఓనరు.

సారు లేచారు. ‘‘పోనియ్యి బిడ్డా. ఎవరన్న ఏస్తరు తియ్యి’’ అన్నారు. ఎవరూ వెయ్యరని ఆ గదిలో ఉన్న అందరికీ తెలుసు. మెట్లు దిగుతూ ఆగి, ‘‘సభ రద్దు సంగతి మా అక్కకెట్ల చెప్పాల్నో. ఊరోళ్లను వ్యాన్‌ల తోల్కొస్తనన్నది. ఆమెకు రద్దు అంటే తెల్వదు’’ అన్నారు.

నాకు ఆ రాత్రంతా కోపం దిగలేదు. పొద్దున్నే ఒక ట్రాలీ ఆటో మాట్లాడుకుని హయత్‌నగర్ అవతల ఉన్న ప్రెస్సుకు బయల్దేరాను. తూకం వాడికంటే ముందు పుస్తకాలు మా ఇంటికి చేర్చి, ఆ తర్వాత ఓనరుతో తేల్చుకుందామని. మా సందు చివర మాస్టారు నిలబడి ఉన్నారు. ఇస్త్రీ చొక్కా, చెవి మీద పెన్ను.

‘‘మీరెక్కడికి?’’

‘‘నువ్వు ఊరుకుంటావా? ఊరుకోవు. నాకు తెలుసు. పద. తెచ్చాక నేను ఒక్కొక్కటే చేత్తో దిద్దుతాను.’’

‘‘అన్ని పుస్తకాలా? మీ వయసుకు?’’

‘‘నా వయసు సంగతి నీకెందుకూ? ఆటో ఎక్కు.’’

ఆ రోజు హైవే మీద వంటావార్పు ఉందని మాకు తెలుసు. బడి పిల్లల నుంచి వకీళ్ల దాకా అందరూ రోడ్డు మీదికొచ్చి, అక్కడే పొయ్యిలు పెట్టి, వండుకుని, తిని, బండి అన్నది కదలకుండా చేయడం. అది మొదలయ్యేలోపు వచ్చేస్తామనుకున్నాం. ప్రెస్సు వాడు కట్టలు కట్టి ఎక్కించేసరికి ఆలస్యమైంది. తిరిగి ఎల్బీనగర్ వచ్చేసరికి చౌరస్తా జాతరలా ఉంది. ఇటుకల పొయ్యిలు, బండెడు గిన్నెలు, డప్పులు, గులాబీ కండువాలు. ఆగిపోయిన బస్సుల మీదెక్కి కూర్చున్న కోచింగ్ పిల్లలు. వంకాయలు తరుగుతున్న ఆడవాళ్లు ఒకవైపు పాడుతూనే ఇంకోవైపు ఉప్పు ఎవరేశారని కొట్లాడుకుంటున్నారు.

మా ఆటో ముందుకొచ్చిన ఒక కండువా పిల్లాడు, యూనివర్సిటీ చదువుతున్నవాడు, ‘‘అక్కా, లోపల ఏమున్నయ్?’’ అన్నాడు.

‘‘పుస్తకాలు తమ్మీ.’’

‘‘ఎవల్వి?’’

‘‘మనోళ్లవే.’’

ఒక కట్టలోంచి పైన పుస్తకం లాగి తెరిచాడు. నా అదృష్టం ఎప్పుడూ అట్లాగే ఉంటుంది. ఆరో అధ్యాయమే తెరుచుకుంది. పెదవులు కదుపుతూ చదివాడు. ‘‘గిదేంది? ‘మా ఊరి గది’? దొర గడి గాదు? గడిని గది జేసిన్రు! ఎవరు జేసిన్రు?’’

క్షణంలో గుంపు కూడింది. పుస్తకం చేతులు మారింది. ‘‘గడి పేరెత్తితె భయమైతున్నదేమో’’ అని ఒకరు. ‘‘రేపు తెలంగాణను తెలంగాదు అంటరు’’ అని ఇంకొకరు. ‘‘పొయ్యికి కట్టెలు తక్కువున్నయ్, ఇటియ్యుండ్రి’’ అని గిన్నెల దగ్గర్నుంచి ఒక గొంతు. నవ్వుతూనే అన్నాడు గానీ ఇద్దరు కుర్రాళ్లు కట్ట మీద చెయ్యి వేశారు. ఉన్న ఒక్క అచ్చూ పొయ్యికి రెండడుగుల దూరంలో ఉంది.

నేను నోరు తెరిచేలోపే మాస్టారు ఆటో దిగారు. ‘‘నేనేనయ్యా దిద్దింది. నాకు ఆ మాట తెలియదు.’’

‘‘తెల్వకుంటె అడగొద్దా పెద్దమనిషీ?’’

‘‘అడగాలి’’ అన్నారు మాస్టారు. అంతే అన్నారు. దాంతో ఆ పిల్లాడు ఊరికే కండువా సర్దుకున్నాడు. పోట్లాడదామని వచ్చినవాడి ముందు ఒప్పేసుకుంటే ఆ బాధ వేరు. నాకు తెలుసు, నేనూ ఆ కోవదాన్నే.

అప్పుడే జనాన్ని తోసుకుంటూ సారు వచ్చారు. ముందు వాళ్లక్క. డెబ్బై దాటిన మనిషి, నిలువెత్తు, చేతిలో కర్ర. అది ఊతకు కాదు, దారి చేసుకోవడానికి. ఊరోళ్ల వ్యాన్ కూడా ఇక్కడే ఆగిపోయిందట. అక్కను తెచ్చుకుందామని సారు మన్సూరాబాద్ నుంచి నడిచొచ్చారు.

‘‘ఏందిరా గీ లొల్లి? తమ్మీ, నీ పుస్తకాలేనా?’’

‘‘నాయే అక్కా. గడి అని రాస్తే గది అని పడ్డదని పోరగాండ్లు గరమైతున్నరు.’’

‘‘ఎవరు పడగొట్టిన్రు?’’

మాస్టారు మళ్లీ చెయ్యెత్తారు, బడిపిల్లాడిలాగా. ఆమె ఆయన్ని పై నుంచి కింది దాకా చూసింది.

‘‘పంతులూ, మీ దిక్కు గడి లేదా?’’

‘‘లేదమ్మా. జమీందారు మేడ ఉండేది.’’

‘‘అయ్యో, గడి గూడ లేని ఊరా? ఎట్ల బతికిన్రయ్యా?’’ అంది. ఆమె జాలిపడిందో ఎత్తిపొడిచిందో ఇప్పటికీ ఎవరూ తేల్చలేదు. ముందు ఆడవాళ్లు నవ్వారు, వెనక అందరూ. ఆమె చేతికర్ర, పుస్తకాల కట్టల మీద చెయ్యేసిన కుర్రాళ్ల వైపు తిరిగింది. ‘‘నా తమ్ముడు నెత్తి వెంట్రుకలన్ని ఊడేదాక రాసిండు. పొయ్యిల పెడ్తరా? ముందుగాల మీ పప్పు సూస్కోండ్రి, అడుగంటుతున్నది.’’

నిజంగానే అడుగంటుతోంది. సగం గుంపు గిన్నె వైపు పరిగెత్తింది.

‘‘సారూ, మీరే సదువుండ్రి, అసలేం రాసిన్రో’’ అన్నాడు కండువా పిల్లాడు. సారు డివైడర్ ఎక్కి చదివారు. గది అని ఉన్నచోటల్లా గడి అని దిద్దుకుంటూ, దర్వాజ, దిడ్డి, వంగిన నడుములు చదివారు. వాళ్లక్క ‘‘అవ్, అవ్’’ అంటూ తల ఊపుతోంది. డప్పులు ఆగాయి. ఆ ఊపులో సారు దిద్దుకోవడం మరిచి, ‘‘దొర మేల్కొనేదాకా ఊరి గదియారం కొట్టేది కాదు’’ అని ఉన్నదున్నట్టు చదివేశారు.

 చౌరస్తా అంతా పగలబడి నవ్వింది. ‘‘అన్నా, టైమెంతయింది గదియారంల?’’ అని ఒకడు, ‘‘మలక్‌పేట అంగదికి పోదామా?’’ అని ఇంకొకడు. కోపమంతా ఆ ఒక్క అక్షరంలో కారిపోయింది.

ఆ సందు నేను వదల్లేదు. ‘‘పెన్నులెవరికున్నయ్?’’ అని అరిచాను. కోచింగుల దేశంలో పెన్ను లేని మనిషి ఉంటాడా? కానిస్టేబుల్ పరీక్షకు చదివేవాళ్లు, టీచర్ పరీక్షకు చదివేవాళ్లు, బస్సుల మీంచి దూకి వచ్చారు. కట్టలు విప్పాం. వాళ్లక్క వంకాయలు తరిగే కత్తిపీట తెప్పించి మొదటి తాడు తనే తెంపింది. అదే మా ఆవిష్కరణ. రోడ్డు మీదే వరసలుగా కూర్చున్నారు. మాస్టారు చెవి మీంచి పెన్ను తీసి, వెనక చేతులు కట్టుకుని వరసల మధ్య తిరుగుతూ మొదలుపెట్టారు: ‘‘పేజీ తిప్పండి. మూడో పంక్తి. అంగడి. అంగది కాదు, అంగడి. డ, డప్పులో డ. నువ్వు, ఎర్ర చొక్కా, పక్కవాడిది చూసి రాయకు.’’

‘‘సార్, గిది గూడ పరీక్షల ఒస్తదా?’’

‘‘వస్తుంది. జీవితంలో వస్తుంది. రాయి.’’

మధ్యలో మా ఓనరు నడుచుకుంటూ వచ్చారు. ప్రెస్సు వాడు ఫోన్ చేశాడట. షాపు అద్దాల గురించి దారంతా ఆలోచించుకుంటూ వచ్చిన మనిషి, తన పుస్తకాల చుట్టూ గులాబీ కండువాలు వంగి అక్షరాలు దిద్దడం చూసి, ఎవరో చేతికిచ్చిన గరిటె పట్టుకుని పప్పు వడ్డించడం మొదలుపెట్టారు. ఈ ఆలోచన తనదేనని ఆ తర్వాత ఆయన చాలామందికి చెప్పారు. చెప్పుకోనివ్వండి.

అసలు గొడవ విస్తళ్లు వేశాక వచ్చింది. మాస్టారు ముద్ద నోట్లో పెట్టుకోబోయి, పక్కన కండువా పిల్లాడు దిద్దిన పుస్తకం చూసి కేక పెట్టారు. ‘‘అయ్యయ్యో! ఇదేం చేశావయ్యా! ఇది గదే! ఇది జర్మనీ! జర్మనీలో గది!’’

ఆ పిల్లాడు ఆరో అధ్యాయంతో ఆగలేదు. మొదటి అధ్యాయానికి వెళ్లి, నియంత ఆఫీసు గదిని కూడా గడి చేసి పెట్టాడు. అతన్ని చూసి ఆ వరసంతా అదే చేసింది.

‘‘గంత దూరం నడిపిచ్చుడు, గంత పెద్ద తలుపు, జారే బండలు’’ అన్నాడు వాడు, పప్పు కలుపుకుంటూ. ‘‘గట్లాంటిది గదెట్లైతది సార్? గడే.’’

‘‘వ్యాకరణం...’’ అని మొదలుపెట్టారు మాస్టారు.

సారు అప్పటికే నవ్వుతున్నారు. మామూలు నవ్వు కాదు. విస్తరి పక్కన పెట్టి, కండువా పిల్లాడి భుజం పట్టుకుని, కళ్లు తుడుచుకుంటూ నవ్వుతున్నారు. ‘‘ఇన్నేండ్లు గిదే గదరా నేను చెప్పబోయింది! అయిదు అధ్యాయాలు గది, గది అని రాసుకుంట పోయిన, ఆ మాట నాకే తట్టలే. ఉండనియ్యుండ్రి మాస్టారూ, ఉండనియ్యుండ్రి.’’

‘‘ఎలా ఉండనిస్తామండీ? జర్మనీలో గడి ఉంటుందా?’’

‘‘ఉంటది. ఉన్నది. కూలిపోయింది గూడ.’’

ఇద్దరూ అక్కడే పట్టుకున్నారు. విస్తళ్ల మీద వాదన. వాళ్లక్క ఇద్దరికీ పప్పు మారు పోయించి, ‘‘తినుకుంట కొట్లాడుండ్రి, సల్లారుతది’’ అంది. సాయంత్రానికి దారి తెరిచేసరికి ఒక్క కట్ట మిగల్లేదు. కొన్ని ప్రతుల్లో జర్మనీ నియంతకు గది, కొన్నిట్లో గడి. ఎవరికి ఏది దొరికితే అది పట్టుకుని వెళ్లారు. ఊరోళ్ల వ్యాన్ నిండా పుస్తకాలు పోయాయి. సారు వట్టి చేతుల్తో మన్సూరాబాద్ వైపు నడుస్తుంటే వెనక నుంచి ఆయన నడకలో పెళ్లికొడుకు కనబడ్డాడు.

జనం అడగడం మొదలుపెట్టాక ఓనరు ‘ఒక్కసారే’ అన్న మాట మరిచిపోయారు. రెండో అచ్చుకు సిద్ధం చేస్తున్నప్పుడు నేనే దగ్గరుండి చూశాను. ఈసారి కంప్యూటర్ పిల్ల ప్రతి అక్షరానికీ లేచి వచ్చి అడిగింది. అంగడి అంగడే, గడియారం గడియారమే. అంతా సరిగ్గా ఉంది. కానీ ప్రెస్సుకు పోయే ఆఖరి ప్రూఫులో, మొదటి అధ్యాయంలో, నియంత ఆఫీసు దగ్గర ‘గడి’ అని ఉంది. ఒక్కచోటే. ఆ అధ్యాయంలో మిగతా అన్నిచోట్లా గది; అక్కడ మాత్రం, తలుపు తెరుచుకుని వచ్చినవాడు నియంతను మొదటిసారి చూసే వాక్యంలో, గడి.

మాస్టారి దగ్గరికి పోయాను. ‘‘ఇక్కడ గది కదా ఉండాలె?’’

‘‘రచయిత పెట్టుకున్నాడమ్మా. ఆయన ఇష్టం. నేనెవర్ని మార్చడానికి?’’ అన్నారు, నా మొహం చూడకుండా గోంగూర డబ్బా విప్పుతూ.

సారుకు ఫోన్ చేశాను. ‘‘నేనెక్కడ పెట్టిన బిడ్డా? నేను గది అనే రాసిచ్చిన. మాస్టారే పెట్టిండు. పండితుడాయె, ఆయన పెట్టినంక కాదంటనా?’’

కంప్యూటర్ పిల్లను అడిగితే, చేతిరాత గుర్తులేదు మేడమ్ అంది. అట్లాగే అచ్చయింది. సారూ మాస్టారూ ఇద్దరూ ఇప్పటికీ ఉన్నారు. ఆదివారాలు మన్సూరాబాద్‌లో సారు అరుగు మీద కూర్చుని ఏదో ఒక మాట మీద కొట్లాడుకుంటూనే ఉంటారు. వెళ్లినప్పుడల్లా అడుగుతాను. ఆయన ఈయన్ని చూపిస్తాడు, ఈయన ఆయన్ని చూపిస్తాడు, ఇద్దరూ కలిసి నన్ను చూసి నవ్వుతారు. ఎవరితోనూ ఏ వాదనలోనూ ఓడిపోని నేను అక్కడ మాత్రం చాయ్ తాగి తిరిగొస్తాను.

మీలో ఎవరైనా ఆ ఇద్దరిని ఎరిగినవాళ్లుంటే కాస్త అడిగి చెప్పండి. బెర్లిన్ నడిబొడ్డున ఆ గడి కట్టిందెవరు?